నెజీహా ఖానం తండ్రి రాత

దుబాయ్‌లోని డేరా పేటలో సబ్ఖా వీధి వెనక ఉన్న నాలుగంతస్తుల బిల్డింగుకు భోజన్న నాటూరు. నాటూరంటే అక్కడి మాటలో కాపలావాడు. పేరుకే కాపలా. మెట్లు ఊడ్చేదీ, గ్యాసు బండలు భుజాన పెట్టుకుని పైకి మోసేదీ, నీళ్ల మోటారు వేసేదీ, యజమాని ఆఫీసు పోస్టు పెట్టెకు వచ్చిన ఉత్తరాలు ఇంటింటికీ అందించేదీ అతనే. మెట్ల కింద గదే అతని ఇల్లు. కోరుట్ల పక్క పల్లె నుంచి వచ్చినప్పుడే నలభై ఆరేళ్లు. కుర్రవాళ్లతో సమానంగా సైటు మీద బరువులు మోయలేడని, వీసా ఇచ్చిన కఫీల్ అతణ్ణి ఇక్కడ కూర్చోబెట్టాడు.

భోజన్నకు ఒక చదువుంది. ఎందుకూ కొరగాని చదువని తనే అనుకునేవాడు. నిజాం రోజుల్లో ఫకీర్ సాహెబ్ అనే మౌల్వీ దగ్గర ఏడో తరగతి దాకా ఉర్దూలో చదివాడు. ఆ బడిలో అంత చక్కని దస్తూరీ ఇంకెవరికీ లేదని పేరు. తహసీలు కచేరీలో రాతపని ఖాయమని ఇంట్లోవాళ్లు ఊరంతా చెప్పుకున్నారు. పద్దెనిమిదో ఏట పోలీసు యాక్షన్ జరిగింది. ఆ తర్వాత పదేళ్లలోపే కచేరీ కాగితాలు తెలుగుకూ ఇంగ్లీషుకూ మారిపోయాయి. తెలుగు కూడబలుక్కుని చదవగలడు. ఇంగ్లీషు ఒక్క ముక్క రాదు. తునికాకు కల్లాల్లో పనిచేశాడు, బొంబాయిలో మూటలు మోశాడు, చివరికి దుబాయ్ వచ్చాడు.

శుక్రవారం మాత్రం ఆ చదువు కాస్త బయటికి వచ్చేది. నమాజు అయ్యాక పఠాన్ టాక్సీ డ్రైవర్లు నలుగురైదుగురు బిల్డింగు మెట్ల మీద చేరేవారు. కరాచీ నుంచి రెండు రోజులు ఆలస్యంగా వచ్చే ఉర్దూ పేపరు భోజన్న చేతిలో పెట్టేవారు. అతను గొంతు సవరించుకుని, ఫకీర్ సాహెబ్ నేర్పినట్టు ఎక్కడ ఆగాలో అక్కడ ఆగుతూ చదివేవాడు. హిందువు నోట అంత సాఫీ ఉర్దూ వినడం వాళ్లకు వింతగా ఉండేది.

1978 చలికాలంలో అలాంటి ఒక శుక్రవారం, మూడో అంతస్తు నెజీహా ఖానం బజారు సంచీతో మెట్లెక్కుతూ ఆగిపోయింది. పేపరు అయ్యేదాకా గోడకు ఆనుకుని నిలబడింది. డ్రైవర్లు వెళ్లిపోయాక దగ్గరికి వచ్చి అడిగింది.

"ఆ అక్షరాలు నీకు బాగా వచ్చా?"

"వస్తయమ్మా. గవి తప్ప నాకు ఇంకేం రావు."

"చేతిరాత కూడా చదవగలవా?"

"మంచిగ రాస్తే చదువుత."

ఆమె సంచీ అందుకుని పైకి వెళ్లిపోయింది.

నెజీహా ఖానానికి అప్పుడు యాభై ఏడేళ్లు. టర్కీ దేశపు మనిషి. బిల్డింగులో అందరూ తుర్కీ అమ్మ అనేవారు. ఇస్తాంబుల్‌కు తివాచీల బేరానికి వచ్చిన కరాచీ వర్తకుణ్ణి పెళ్లాడి ఇల్లు వదిలింది. ఇరవై ఏళ్లు కరాచీలో, ఆ పైన దుబాయ్‌లో కాపురం. మూడేళ్ల కిందట భర్త పోయాడు, పిల్లలు లేరు. కొట్టు భర్త తమ్ముడు చూసుకుంటున్నాడు. ఉర్దూ మాట్లాడుతుంది గానీ 'ఖ' అనాల్సిన చోటల్లా 'హ' అంటుంది. ఉర్దూ అక్షరం మాత్రం ఒక్కటీ రాదు.

మరుసటి శుక్రవారం ఆమె భోజన్నను పైకి పిలిపించింది. బయటి తలుపు బార్లా తెరిచి పెట్టి, గుమ్మం పక్కన కుర్చీ వేసి కూర్చోమంది. పాలు లేని ఎర్ర చాయ నడుము సన్నని గాజు గ్లాసులో పోసి ఇచ్చింది. అప్పుడు లోపలి నుంచి నల్లని అట్ట పుస్తకం ఒకటి తెచ్చింది.

"ఇది మా నాన్న రాసుకున్నది. మొన్న మా తమ్ముడు పోయాడు. పాత ఇల్లు పడగొడుతుంటే పెట్టెలో దొరికిందని తమ్ముడి కూతురు పంపింది. అక్కడ ఇంట్లో ఎవరికీ చదవడం రాదట. నాకూ రాదు."

భోజన్న పుస్తకం తెరిచాడు. తనకు తెలిసిన అక్షరాలే. అలిఫ్, లామ్, మీమ్. రాత కుడి నుంచి ఎడమకు, కొంచెం పైకి వాలుతూ పోయింది. మొదటి వరస చదవబోయాడు. అక్షరాలు పలుకుతున్నాయి గానీ మాట మాత్రం ఏ మాటా కాదు.

"అమ్మా, ఇది ఉర్దూ కాదు గదా."

"కాదు, తుర్కీ. పూర్వం మేమూ ఈ అక్షరాల్లోనే రాసేవాళ్లం. నాకు ఏడేళ్లప్పుడు సర్కారు మార్చేసింది. అక్షరాలన్నీ ఇంగ్లీషువాళ్లవి తెచ్చిపెట్టారు. నేను బళ్లో చేరింది ఆ ఏడే. అందుకే మా నాన్న రాసింది నాకు రాదు. నువ్వు పైకి చదువు. అర్థం నీకు అక్కర్లేదు. వింటే నాకు తెలుస్తుంది."

"గీ బిల్డింగుల సనావుల్లా సాబ్ ఉన్నడు గదా, పెద్ద చదువు చదివిండు. ఆయనైతే..."

"సనావుల్లా సాహెబుకు సగం మాటలు అర్థమవుతాయి. మా నాన్న గుట్టు మా మరిదికీ బజారుకూ తెలియడం నాకిష్టం లేదు. నీకేమీ తెలియదు కదా, అందుకే నిన్ను అడిగాను."

భోజన్నకు నవ్వు వచ్చింది. తనకేమీ తెలియకపోవడం ఒకరికి అక్కరకొస్తుందని అతనెన్నడూ అనుకోలేదు.

చదవడం మొదలైంది. మొదటి నెల ఇద్దరికీ నరకమే. ఉర్దూలో లాగే ఇందులోనూ అచ్చులు సగం రాయరు, చదివేవాడే ఊహించుకోవాలి. తెలియని భాషలో ఏమని ఊహిస్తాడు? ఒక మాట దగ్గర అతను పావుగంట కొట్టుకున్నాడు. దాల్, కాఫ్, జే. "దకజ్" అన్నాడు. ఆమె తల అడ్డంగా ఊపింది. "దికిజ్. దుకుజ్." కాదు, కాదు. ముందు వెనక మాటలు మళ్లీ చదివించుకుని, కళ్లు మూసుకుని, ఉన్నట్టుండి ఆమె చేతులు చరిచింది.

"దెనిజ్! దెనిజ్! సముద్రం! ఆ కాఫ్‌ను కొన్ని చోట్ల 'న' అనేవారట. మా అమ్మమ్మ చెప్పేది."

భోజన్న ఆ మాట కింద వేలు పెట్టి మళ్లీ చదివాడు. దెనిజ్. మూడక్షరాల్లో అంత సముద్రం దాక్కుని ఉంది.

అప్పటి నుంచి దారి దొరికింది. అతను చదివేవాడు, ఆమె తప్పు దిద్దుకుంటూ కొత్త అక్షరాల్లో ఇంకో పుస్తకంలోకి ఎక్కించేది. ఒక్కో శుక్రవారం రెండు పేజీలు. అప్పుడప్పుడు మధ్యలో ఆపి అందులో ఏముందో చెప్పేది. చెప్పకూడదనుకున్నవే తర్వాత తర్వాత అన్నీ చెప్పేసింది.

తండ్రి పేరు రిఫ్కీ ఎఫెండి. సుల్తాను ఉన్న రోజుల్లో ఇస్తాంబుల్‌లో ఒక సర్కారీ దఫ్తరులో గుమాస్తా. ఉస్కుదార్ పేటలో ఇల్లు. రోజూ ఆవిరి పడవలో అవతలి ఒడ్డుకు పనికి వెళ్లేవాడు. అక్షరం చెక్కినట్టు ఉండేదని పెద్ద పెద్ద ఫర్మానాలు అతని చేతే రాయించేవారు. యుద్ధాలు వచ్చాయి, సుల్తాను పోయాడు, రిపబ్లిక్ వచ్చింది. పుస్తకంలో వాటి గురించి పెద్దగా ఏమీ లేదు. వాన పడిందనీ, పడవ ఆలస్యమైందనీ, పెరట్లో గులాబీకి పురుగు పట్టిందనీ ఉంది. ఒక చోట మాత్రం టోపీ సంగతి రాసుకున్నాడు. ఎర్ర టోపీ నేరమని కొత్త చట్టం వచ్చింది. అంచుల టోపీ కొనుక్కుని పెట్టుకున్నాడు. 'పడవలో ఎవరికీ ఎవరూ తెలియలేదు, అందరం కొత్తవాళ్లలా సలాములు చేసుకున్నాం' అని రాశాడు.

"ఎర్ర టోపీ అంటే, పైన నల్ల కుచ్చు ఉంటది, గదేనా?" అన్నాడు భోజన్న.

"అదే. నీకెలా తెలుసు?"

"మా బడి పెద్ద పంతులు పెట్టుకునేటోడు. రూమీ టోపీ అంటం. పోలీసు యాక్షన్ దాకా మా జిల్లాల పెద్ద ఆఫీసర్లకు గదే."

ఆమె కలం కింద పెట్టేసింది. తన తండ్రి 1925లో భయపడుతూ తీసి పెట్టెలో దాచిన టోపీ, తాను పేరైనా వినని ఒక ఊళ్లో ఇంకో ఇరవై మూడేళ్లు దర్జాగా తిరిగిందంటే ఆమెకు నమ్మబుద్ధి కాలేదు. పంతులు టోపీ ఎలా ఉండేది, కుచ్చు ఎటు పక్క వేలాడేది, వానలో ఏం చేసేవాడు అని చిన్నపిల్లలా అడిగింది. భోజన్న గుర్తున్నంత వరకూ చెప్పాడు.

"ఇంకోటి చెప్పాల్నా అమ్మా? మా ఊళ్లె ఉర్దూను ఉర్దూ అనరు. తురకం అంటరు."

"అంటే?"

"తుర్కుల మాట అన్నట్టు."

ఆమె పకపకా నవ్వింది. "అయితే నలభై ఏళ్లుగా నీకు నా భాషే వచ్చునన్న మాట, భోజన్ ఎఫెండి."

ఎఫెండి అంటే అయ్యగారు అన్నట్టు. అలాంటి బిరుదులన్నీ సర్కారు ఎన్నడో రద్దు చేసిందట. అయినా ఆ రోజు నుంచి ఆమె అతణ్ణి అలాగే పిలిచింది. నాటూర్, ఓ నాటూర్ అని నాలుగంతస్తులూ కేకలు వేసే బిల్డింగులో ఆ ఒక్క పిలుపు కోసం భోజన్న శుక్రవారం శుభ్రంగా గడ్డం గీసుకునేవాడు.

ఇంటిపేర్ల సంగతి రెండో చలికాలంలో వచ్చింది. టర్కీలో పూర్వం ఎవరికీ ఇంటిపేర్లు లేవు. 1934లో అందరూ ఒకటి పెట్టుకుని తీరాలన్నారు. రిఫ్కీ ఎఫెండి ఇష్టపడి అడిగిన పేరు అప్పటికే ఎవరో తీసుకున్నారు. అక్కడి ఉద్యోగి పట్టీలోంచి ఒకటి తీసి రాసిచ్చాడు. ఓజ్‌తుర్క్. అచ్చమైన తుర్కువాడని అర్థం. ఆ రాత్రి పుస్తకంలో ఆయన ఇలా రాసుకున్నాడు: 'నేను పుట్టింది సెలానిక్‌లో, అది ఇప్పుడు గ్రీకువాళ్లది. మా అమ్మ బోస్నా మనిషి. నాన్న చదివించింది ఫార్సీ. ఈ రోజు నుంచి నేను అచ్చమైన తుర్కును. కాగితం చేతికిచ్చారు, జాగ్రత్తగా మడిచి జేబులో పెట్టుకున్నాను.'

"కోపంతోని రాసిండా, నవ్వుకుంట రాసిండా?" అని అడిగాడు భోజన్న.

"తెలియదు. నాకు ఆయన గొంతు గుర్తు లేదు. గుర్తుంటే తెలిసేది." కలం మూత పెడుతూ మళ్లీ అంది. "నేను మాత్రం బళ్లో ఆ పేరు పెద్దగా పలికేదాన్ని. గర్వంగా ఉండేది. మాకు అన్నీ కొత్తవి. కొత్త అక్షరాలు, కొత్త పాటలు, మోకాళ్ల దాకా గౌన్లు. పాతదంతా దుమ్మూ చీకటీ అనుకునేవాళ్లం. ఆ చీకట్లో మా నాన్న ఉన్నాడని తోచలేదు."

ఒక శుక్రవారం భోజన్న చదువుతుంటే ఆమె పేరు వచ్చింది. నూన్, జే, యే, హే. నెజీహా. ఆమె ఉలిక్కిపడి ముందుకు వంగింది. అతను నెమ్మదిగా పేజీ అంతా చదివాడు. ఆమె రాసుకోవడం మానేసి వింటూ ఉండిపోయింది. అయిపోయాక "మళ్లీ" అంది. మూడుసార్లు చదివించుకుంది. తర్వాత లేచి కిటికీ దగ్గరికి వెళ్లి, అటు తిరిగే చెప్పింది.

అది అక్షరాలు మారిన చలికాలం. పెద్దవాళ్లంతా సాయంత్రం బడికి వెళ్లి కొత్త అక్షరాలు నేర్చుకోవాలని, పరీక్ష రాయాలని ఆజ్ఞ. ఫర్మానాలు రాసిన గుమాస్తా నలభై ఏళ్ల వయసులో పలక పట్టాడు. ఎడమ నుంచి కుడికి రాయాలంటే చెయ్యి వెళ్లేది కాదు. ఇంట్లో కూతురు దిద్దించేది. ఆ యేడే ఆమె తల్లి పోయింది. 'ఈ రోజు నెజీహా నా వేళ్లు పట్టుకుని ఒక అక్షరం రాయించింది. అది తలకిందులుగా వచ్చింది. చూసి నవ్వింది. వాళ్లమ్మ పోయాక ఈ ఇంట్లో నవ్వు వినడం ఇదే మొదలు. ఇంకో రెండు తలకిందులుగా రాశాను.'

"నాకు గుర్తు లేదు," అంది ఆమె. "ఎంత ఆలోచించినా గుర్తు రావడం లేదు, భోజన్ ఎఫెండి. నేను నవ్వానా?"

"రాసిండు గదమ్మా. నవ్వే ఉంటరు."

ఆ రోజు అంతటితో ఆపేశారు.

పుస్తకం చివరికి వచ్చేసరికి 1980 చలికాలం మొదలైంది. ఆఖరి తొమ్మిది పేజీలు వేరే మనిషి రాసినట్టున్నాయి. చెయ్యి వణికింది. అక్షరాల మీద చుక్కల్లేవు. బే, తే, నూన్ అన్నీ ఒకేలా గీతల్లా సాగిపోయాయి. ఆమె దేని కోసం ఇన్నాళ్లు ఎదురుచూసిందో అది ఆ పేజీల్లోనే ఉండాలి. తాను కరాచీ పడవ ఎక్కిన రోజు తండ్రి రేవుకు రాలేదు. వద్దని కూడా అనలేదు. పొద్దున్నే లేచి గులాబీలకు నీళ్లు పోస్తూ ఉండిపోయాడు. మరుసటి యేడే పోయాడు. ఆ రోజు ఆయన ఏం రాసుకున్నాడు?

భోజన్న నాలుగు శుక్రవారాలు ఆ పేజీలతో కుస్తీ పట్టాడు. వెలుతురు బాగుంటుందని మిద్దె మీదికి తీసుకెళ్లి చూశాడు. ఎండలో అటూ ఇటూ తిప్పాడు. తేలినవి మూడే మాటలు. ఒకటి నెజీహా. రెండోది వాపూర్, అంటే పడవ. మూడోది గుర్బత్.

"గుర్బత్ అంటే మా దిక్కు బీదతనం," అన్నాడు.

"మాకు పరాయి దేశంలో బతకడం."

"రెండూ ఒక్కటే గదమ్మా," అన్నాడు.

ఆమె విన్నట్టు లేదు. "ఆ పక్కనేముంది? ఊహించు. ఇన్నాళ్లు ఊహించలేదా?"

ఈ రెండేళ్లలో అతనికి కొన్ని తుర్కీ మాటలు పట్టుబడ్డాయి. బిడ్డ, ఇల్లు, క్షమించు, పోయిరా. ఏదో ఒకటి కలిపి చదివేస్తే ఆమె నమ్ముతుంది. మనసు శాంతిస్తుంది. ఆ మాట నోటిదాకా వచ్చింది కూడా. కానీ పేజీ మీద ఆ ముసలి చెయ్యి పడ్డ తిప్పలు కళ్ల ముందే ఉన్నాయి. ఆయన రాయనిది ఆయన నోట పెట్టడానికి భోజన్నకు నోరు రాలేదు.

"నాకొస్తలేదమ్మా. తెల్వనిది తెల్సినట్టు చదివితే మీ నాయన రాతకు అన్యాలం జేసినట్టయితది."

ఆమె పుస్తకం లాక్కుని లోపలికి వెళ్లిపోయింది. రెండు శుక్రవారాలు పిలుపు రాలేదు. మెట్ల మీద ఎదురైనా తల తిప్పుకుని పోయింది. మూడో శుక్రవారం తనే కిందికి దిగివచ్చి, జున్ను పెట్టి కాల్చిన రొట్టె ఉన్న పళ్లెం అతని గది ముందు పెట్టింది.

"నువ్వు అబద్ధం చదవలేదు. అందుకని ఇంతకు ముందు చదివినవన్నీ నిజమని ఇప్పుడు నాకు నమ్మకం," అంది.

ఆ ఎండాకాలం రాకముందే ఆమె ప్రయాణమైంది. మరిది కొట్టు అమ్మేశాడు. కొట్టు పేరు మీద ఉన్న వీసా ఇక నడవదన్నారు. తమ్ముడి కూతురు రమ్మంది. ముప్పై అయిదేళ్ల తర్వాత ఇస్తాంబుల్ పోతున్నందుకు సంతోషమేనా అని భోజన్న అడిగితే, "ఏ ఇస్తాంబుల్‌కు పోతున్నానో చూడాలి" అంది. రెండు పెట్టెలు అతనే కిందికి మోశాడు. టాక్సీ ఎక్కబోతూ ఆమె కుడిచెయ్యి గుండె మీద పెట్టుకుని తల వంచింది. భోజన్న రెండు చేతులూ జోడించాడు.

మూడో అంతస్తులోకి ఒక ఈజిప్టు కుటుంబం వచ్చింది. శుక్రవారాలు మళ్లీ పేపరు చదవడానికే మిగిలాయి. చదువుతూ చదువుతూ సముద్రం అనే మాట వచ్చినచోట అతను ఆగేవాడు. డ్రైవర్లు ఏమైందని అడిగితే కళ్లు సరిగా కనబడటం లేదనేవాడు.

ఎనిమిది నెలలకు ఉత్తరం వచ్చింది. పైన తుర్కీ స్టాంపులు. లోపల అంతా ఇంగ్లీషు అక్షరాలు. భోజన్న దాన్ని పట్టుకుని యజమాని ఆఫీసులో గుమాస్తా హయాత్ బాషా దగ్గరికి పోయాడు. కడప మనిషి, ఇంగ్లీషు ధారాళంగా వస్తుంది.

"ఇది ఇంగ్లీషు కాదప్పా. ఏం భాషో ఏమో. కనాబ్ భోజన్ ఎఫెండి అంట," అన్నాడు హయాత్ బాషా.

"కనాబ్ కాదు సాబ్, జనాబ్ అయ్యుంటది. వాళ్ల అక్షరాలు జెర వేరే తీరు పలుకుతయి. ఉర్దూ మాటలే, తుర్కీ అక్షరాలల్ల రాసింది. మీరు పైకి చదువుండ్రి, నేను అర్థం చేసుకుంట."

హయాత్ బాషా కూడబలుక్కుంటూ చదివాడు. భోజన్న కళ్లు మూసుకుని విన్నాడు. ఉస్కుదార్‌లో ఇల్లున్న చోట ఆరంతస్తుల బిల్డింగు లేచిందట. పడవలు మాత్రం అలాగే తిరుగుతున్నాయట. కొత్త పుస్తకంలోకి ఎక్కించినదంతా తమ్ముడి కూతురికి చదివి వినిపిస్తే, తాత మాటల్లో సగం ఆ పిల్లకు అర్థం కాలేదట. ఆ మాటలు ఇప్పుడెవరూ వాడరట, వాటికీ కొత్తవి వచ్చాయట. ఆఖరి పేజీలు ఒక ముసలి పండితుడికి చూపించిందట. ఆయన నాలుగు మాటలు చెప్పాడు, నీకన్నా ఒకటే ఎక్కువ అని రాసింది. ఆ నాలుగో మాట ఏమిటో రాయలేదు.

చివర్లో ఇలా ఉంది: 'శ్మశానానికి వెళ్లాను. నాన్న సమాధి రాయి మీద కొత్త అక్షరాలు, చదివాను. పక్కనే అమ్మది. అది పాత అక్షరాల్లో ఉంది. కింద రెండు వరసల పద్యం చెక్కారు. నాన్నే రాయించి ఉంటాడు. అక్కడ చాలాసేపు నిలబడ్డాను. నువ్వుంటే చదివేవాడివి.'

భోజన్న అప్పటికప్పుడు హయాత్ బాషా చేత జవాబు రాయించాడు. ఉర్దూలో తను చెబుతుంటే ఆయన ఇంగ్లీషు అక్షరాల్లో పెట్టాడు. "అమ్మా, ఆ రాయి మీద పల్చటి కాగితం పెట్టుండ్రి. బొగ్గు ముక్కతోని రుద్దుండ్రి. అక్షరాలు ఎట్లున్నయో గట్లనే దిగుతయి. దాన్ని నాకు పంపుండ్రి. చదివి, ఏం పలుకుతదో బాషా సాబ్‌తోని రాయించి పంపుత. అర్థం మీకు తెలుస్తది."

ఉత్తరం పోయింది. ఆ చలికాలం జవాబు రాలేదు. అడ్రసు తప్పు పోయిందేమోనని ఇంకోటి రాయించాడు. దానికీ రాలేదు. ఆమెకు ఒంట్లో బాగా లేదో, కాగితం దారిలో ఎక్కడ పడిపోయిందో, మరేమో. పోస్టు సంచీ విప్పినప్పుడల్లా తుర్కీ స్టాంపు కోసం వెతకడం అతనికి అలవాటైపోయింది.

1983లో కొత్త యజమాని పెద్ద వయసు నాటూరు వద్దన్నాడు. వీసా ఖలాస్ చేశారు. భార్య సాయవ్వ కోసం ఒక దుప్పటీ, తన కోసం ఒక అద్దాల జోడూ కొనుక్కున్నాడు. బయల్దేరే రోజు పొద్దున ఆఫీసుకు వెళ్లి, తన ఊరి పేరూ తాలూకా జిల్లా అన్నీ హయాత్ బాషా చేత స్పష్టంగా ఇంగ్లీషులో రాయించి, పోస్టు పెట్టె తాళం వేలాడే మేకు పక్కన గోడకు అంటించాడు.

"తుర్కీ నుంచి ఏదన్నా వస్తే జెర పంపుండ్రి సాబ్. నల్లగ బొగ్గు అంటి ఉంటది, చెత్త కాయితమనుకోని పారెయ్యకుండ్రి."

"పారెయ్యనులే అన్నా, నువ్వు నిమ్మళంగా పో," అన్నాడు హయాత్ బాషా.